పదిహేనో తారీఖు పడవ

ఆమె అసలు పేరు జీతాల కాగితం మీద తప్ప ఇంకెక్కడా పలికేది కాదు. పత్రికాఫీసులో అందరికీ ఆమె తారీఖులక్క. లోపలి పేజీలో ఎడమ మూల, అరచేతి వెడల్పున వచ్చే 'చరిత్రలో ఈ రోజు' అనే బాక్స్ ఆమెది. ఆ రోజున ఎవరు పుట్టారు, ఏ కోట కూలింది, ఏ విమానం లేచింది, నాలుగంటే నాలుగు వాక్యాలు. ఏ ప్రెషర్ కుక్కర్ ప్రకటనో వచ్చిందంటే పేజీలోంచి ముందు ఎగిరిపోయేది అదే. "ఈరోజు చరిత్రకి సెలవక్కా" అని పేజీలు పెట్టే అతను నవ్వుతూ చెబితే, ఆమె లేచి టీ తాగి వచ్చేది.

మిగతా రోజులు పోతే పోయాయి. ఏప్రిల్ పదిహేను దగ్గరికొచ్చేసరికి మాత్రం ఆమె పళ్ళు నూరడం మొదలుపెట్టేది.

ఆ తారీఖున టైటానిక్ మునిగింది. ఎన్నో ఏళ్ళ తర్వాత అదే తారీఖున, వాళ్ళ ఊరి రేవులో నూలుమిల్లు కూలీలను పొద్దుటి షిఫ్టుకి దాటించే పడవ కూడా మునిగింది. పట్టేవాళ్ళకు రెట్టింపు మంది ఎక్కారు. సైరన్ మోగాక మిల్లు గేటు మూసేస్తారు కాబట్టి దిగమంటే ఎవరూ దిగలేదు. ముప్పై ఒక్క మంది పోయారు. మిల్లులో నూలు చుట్టే కండెలు మార్చే పని చేసే తారీఖులక్క నాన్న వాళ్ళలో ఒకడు. అప్పటికామె బడికి పోయే పిల్ల. తర్వాత అక్కడ వంతెన కట్టారు, దానికి ఎవరో పెద్దమనిషి పేరు పెట్టారు. పడవ ఊసు ఎక్కడా లేదు.

బాక్స్ చేతికొచ్చిన మొదటి ఏడే ఆమె ఆ పడవ గురించి ఒక వాక్యం రాసింది. ఎడిటర్ కొట్టేశాడు.

"చూడమ్మా, అయ్యోపాపమే, కాదనను. కానీ ఇది ప్రపంచ చరిత్ర. ఊళ్ళో పడవ దీంట్లో ఇమడదు."

"టైటానిక్ మన ఊరిది కాదు గదా సార్. అది ఇమిడింది."

"అది టైటానిక్."

"ఇదీ నీళ్ళల్లోనే మునిగింది సార్."

ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. ఇక మాటలు అయిపోయాయని అర్థం.

ఇంటి దగ్గర ఇంకో తంటా. అమ్మకు చదువు రాదు. ఏటా ఆ తారీఖున పొద్దున్నే పేపర్ తెచ్చి కూతురి ఒళ్ళో పెట్టేది.

"ఈసారైనా వేశారా?"

"లేదమ్మా. ఎవరో చిత్రకారుడు పుట్టాడని వేశారు."

"పుట్టినోడికి ఏటేటా వేస్తారు, పోయినోళ్ళకి ఒక్కసారి వెయ్యరా? అయినా రాసేది నువ్వే గదే?"

రాసేది తనే గానీ కొట్టేసేది ఇంకొకరని చెబితే, అమ్మ చెవికది సాకులాగే వినపడేది. ఒక ఏడు ప్రకటన మింగేసింది. ఇంకో ఏడు ఎడిటర్ మారాడు. కొత్తాయన వచ్చే ఏడు చూద్దామన్నాడు. వచ్చే ఏడు వచ్చేసరికి ఆయనా మారాడు. గోడకు చెప్పుకున్నా ఈపాటికి బీటలు వారేది.

చివరికి ఒక ఏడు, పద్నాలుగో తారీఖున, ఎడిటర్ ఊళ్ళో లేడు. ఆమె వెళ్ళి పేజీ ఇన్‌చార్జి బల్ల ముందు నిలబడింది.

"ఒక్క వాక్యం సార్. తిట్లేమన్నా వస్తే నావే."

అతను ఫోన్‌లోంచి తలెత్తకుండానే సరేనన్నాడు. ఆమె రాసిచ్చి ఇంటికి వెళ్ళింది. ఎన్నడూ లేనిది, రేపు వస్తుందని అమ్మకు ముందే చెప్పింది. అమ్మ వీధిలో నలుగురికీ చెప్పుకుంది.

అక్కడ పేజీలో చోటు చాలలేదు. పేజీలు పెట్టే అతను నీళ్ళలో మునిగిన రెండు వాక్యాలనూ కత్తిరించి ఒకటి చేశాడు. తెల్లారి ఊరంతా చదివింది: '1912: మిల్లు రేవులో టైటానిక్ మునిగి 31 మంది మృతి.'

టీకొట్ల దగ్గర జనం పడీపడీ నవ్వారు. ఢీకొన్న మంచుగడ్డ మన ఐస్ ఫ్యాక్టరీదేనా అని ఎవరో ఆఫీసుకి ఫోన్ చేసి అడిగారు. వీధిలో పక్కింటాయన పైకి చదివి నవ్వుతుంటే, అమ్మ ఆయన మొహం వంకా కూతురి మొహం వంకా చూసింది.

"టైటానిక్ అంటే ఏంటే? ఎందుకు నవ్వుతున్నాడు?"

తారీఖులక్క లోపలికెళ్ళి తలుపేసుకుంది.

ఎడిటర్ ఆ మధ్యాహ్నమే దిగాడు. ఆమె చేతికి మెమో ఇచ్చి, సవరణ వెయ్యక తప్పదన్నాడు. మర్నాడు చిన్న అక్షరాల్లో వచ్చింది: 1978 ఏప్రిల్ 15న మిల్లు రేవులో పడవ మునిగి ముప్పై ఒక్క మంది కూలీలు మరణించారని, టైటానిక్‌తో కలిపి ప్రచురించినందుకు చింతిస్తున్నామని.

అమ్మకు చదివి వినిపించి, ఆమె పేపర్‌ను విసురుగా మడిచింది.

"పదహారున వేశారమ్మా. మన రోజు కూడా కాదు. తప్పు కడుక్కోవడానికి వేశారు గానీ మనకోసమేం కాదు."

"పోనీలే. మీ నాన్న మిల్లుకు తప్ప ఇంటికెప్పుడు వేళకొచ్చాడని. ఇంకోసారి చదువు."

ఆమె మళ్ళీ చదివింది. అమ్మ నాలుగుసార్లు చదివించుకుంది. చదివినకొద్దీ ఆ చింతిస్తున్నామన్న మాట ఆమె పళ్ళ కింద రాయిలా తగిలింది.

ఆఫీసుకి వెళ్ళేసరికి పేజీలు పెట్టే అతను ఆమె బల్ల దగ్గర టీ పట్టుకుని నిలబడి ఉన్నాడు.

"అక్కా, చోటు లేక అలా..."

"తెలుసులే. ఎప్పుడుంది గనక."

మెమో మీద, ఇకపై స్థానిక విషయాలు రాయనని ఒప్పుకుంటూ సంతకం చేసింది. టీ ముట్టలేదు. మర్నాటి బాక్స్ కోసం, పదిహేడున ప్రపంచంలో ఏం జరిగిందో వెతకడం మొదలుపెట్టింది.