గెలవని పార్టీలో మా ఆవిడ

జగ్గయ్యపేట చుట్టుపక్కల పొలాల్లో మోటారు కాలిపోతే నా షాపుకి తెస్తారు. కాలిన తీగంతా ఊడదీసి, కొత్త రాగి తీగ చుట్టి ఇస్తాను. ఈ పనిలో చేతులకి తీరిక ఉండదు గానీ నోటికి కావలసినంత ఉంటుంది. మోటారు తెచ్చిన రైతు అది తయారయ్యేదాకా బల్ల మీద కూర్చుంటాడు. పక్క షాపులవాళ్ళు టీ తాగడానికి వస్తారు. కబుర్లు ఎక్కడ మొదలైనా రాజకీయాల దగ్గరికే చేరతాయి.

మనుషులు పార్టీల్లో ఎందుకు చేరతారో నాకు బాగా తెలుసని అనుకునేవాణ్ణి. ఒకడికి కాంట్రాక్టు కావాలి. ఒకడికి ఫ్లెక్సీ మీద నాయకుడి పక్కన తన ఫోటో కావాలి. మా వీధిలో ఒకాయన, తోడల్లుడు ఇటున్నాడని తను అటు వెళ్ళాడు. "ఏమీ ఆశించకుండా జెండా మోసేవాణ్ణి ఒక్కణ్ణి చూపించండి, ఈ షాపు మీ పేర రాసిస్తా" అనేవాణ్ణి. అందరూ నవ్వేవాళ్ళు.

అలా అంటూ ఉండగానే మా ఆవిడ పార్టీలో చేరింది.

ఆడపిల్లల బడికి వెళ్ళే దారిలో వైన్ షాపు పెట్టారు. మా వీధి ఆడవాళ్ళు వెళ్ళి దాని ముందు చాపలు పరుచుకుని కూర్చున్నారు. మా ఆవిడా వెళ్ళింది. వెళ్ళమన్నది నేనే. ఆ వైన్ షాపుతో మా ఇంటికీ ఇబ్బందే మరి. రెండో రోజు ఒక పార్టీ ఆడవాళ్ళు వచ్చి వీళ్ళ పక్కన కూర్చున్నారు. కొన్నాళ్ళకి వైన్ షాపు వేరే రోడ్డుకి పోయింది. అందరూ చాపలు చుట్టుకుని ఇళ్ళకొచ్చారు. మా ఆవిడ మాత్రం ఆ పార్టీ వాళ్ళ మీటింగులకి వెళ్ళడం మానలేదు.

"అయిపోయిందిగా, ఇంకా ఎందుకు?" అన్నా.

"ఊరికే. బాగుంటుంది" అంది.

ఆ పార్టీ పేరు చెప్పను. మా వైపు అది ఎప్పుడూ గెలవదు. డిపాజిట్టు దక్కితే గొప్ప. గెలిచే పార్టీ అయితే నాకంత నామోషీ ఉండేది కాదు, అది నిజం. మా ఆవిడ ఎమ్మెల్యే ఇంటికి వెళ్ళొస్తోందంటే షాపులో నేనే నలుగురికీ చెప్పుకునేవాణ్ణి. ఓడిపోయే జెండా పట్టుకుని, ఎండలో, జుట్టు నెరిశాక, రోడ్డు పక్కన నిలబడితే ఏం చెప్పుకోను?

షాపులో ఆట పట్టించడం మొదలైంది. "మేడంగారికి టికెట్ ఎప్పుడిస్తున్నారు?" అని ఒకాయన అడిగాడు.

"టికెట్టా పాడా! ఇంట్లో అంట్లు తప్పించుకోవడానికి అదో దారి" అన్నా.

గట్టిగా నవ్వారు. తలెత్తి చూస్తే ఆవిడ గుమ్మంలో ఉంది. నేను ఇంట్లో మర్చిపోయిన గోడౌన్ తాళాలు తెచ్చింది. తనూ కొంచెం నవ్వింది, తాళాలు బల్ల మీద పెట్టి వెళ్ళిపోయింది. నవ్వింది కదా, ఏమీ అనుకోలేదులే అని నాకు నేనే చెప్పుకున్నా.

ఆవిడ పుట్టిల్లు చెవిటికల్లు, కృష్ణ ఒడ్డున. చిన్నప్పుడు వచ్చిన వరద గురించి ఆవిడ దగ్గర ఒక కథ ఉంది. పెళ్ళయిన దగ్గర్నుంచీ వింటున్నా. అంటే, దాని మొదలు వింటున్నా. "ఊళ్ళోకి నీళ్ళొచ్చినప్పుడు మమ్మల్ని కంచికచర్ల బళ్ళో పెట్టారు" అని మొదలెట్టగానే మా అమ్మాయి అందుకునేది. "ఆఁ, లారీ వచ్చింది, పులిహోర పొట్లాలు విసిరారు, నీ పొట్లం బురదలో పడింది. తెలుసులే అమ్మా!" నేను "వరదొచ్చింది, సామాన్లు అటకెక్కించండి" అనేవాణ్ణి. ఆవిడ "పోండి మీరు" అని వంటింట్లోకి వెళ్ళిపోయేది. ఆ కథ అంతే అనుకున్నాం నేనూ మా అమ్మాయీ.

పోయిన ఏడాది నందిగామలో మా పిన్ని కూతురు వాళ్ళ గృహప్రవేశం. ఆదివారం. సరిగ్గా అదే రోజు అదే ఊళ్ళో ఈవిడ పార్టీ మీటింగు.

"గృహప్రవేశం కంటే ఎక్కువా అది?" అన్నా.

"ఈసారి నన్ను మాట్లాడమన్నారండీ" అంది.

"నీకు మాట్లాడ్డానికి ఏముంది?"

ఆదివారం పొద్దున్నే టిఫిన్ చేసి పెట్టి బస్సులో వెళ్ళిపోయింది. నేను తర్వాత బండి మీద వెళ్ళా.

గుమ్మంలోనే పిన్ని అడిగింది. "కోడలేదిరా?"

"జ్వరం పిన్నీ. లేవలేకపోతోంది."

"అయ్యో, ఏం జ్వరం?"

"వైరల్" అన్నా. అబద్ధం చెప్పాక దానికో పేరు కూడా పెట్టాల్సి వచ్చింది. భోజనాల దగ్గర ఇంకో నలుగురు అడిగారు. నలుగురికీ అదే చెప్పా. చెప్పేకొద్దీ జ్వరం ముదిరింది. వచ్చేటప్పుడు పిన్ని ఒక కవరు చేతికిచ్చింది. చీర, జాకెట్టు ముక్క, పసుపూ కుంకుమా. "తగ్గాక కట్టుకోమను. వేణ్ణీళ్ళు తాగించు" అంది. ఆ కవరు తీసుకుంటుంటే పిన్ని మొహంలోకి చూడలేకపోయా.

రోడ్డు మీదికి వచ్చాక కొత్త భయం పట్టుకుంది. మీటింగు అయ్యాక వాళ్ళంతా గుంపుగా, భుజాల మీద ఆ కండువాలతో, ఈ వీధిలోంచే బస్టాండుకి నడుస్తారేమో. మా వాళ్ళు ఇంకా వాకిట్లో షామియానా కిందే కూర్చుని ఉన్నారు. లేవలేని మనిషి వాళ్ళ కళ్ళముందు నినాదాలిస్తూ పోతే? అందుకని ఆవిణ్ణి ముందే బండెక్కించుకుని ఇంకో దారిన తీసుకుపోదామని మీటింగు ఎక్కడో కనుక్కుని వెళ్ళా.

ఒక పాత ట్యూషన్ సెంటర్ మేడ మీద గది. మెట్ల మీద, తలుపు బయట చెప్పులు. లోపల ఎక్కువమంది ఆడవాళ్ళే, కొందరు కుర్చీల్లో, కొందరు కింద. తలుపు ఓరగా తీసి ఉంది. మైకు లేదు. వినపడుతున్న గొంతు మా ఆవిడదే.

"...పొట్లాలు విసురుతుంటే మా అమ్మ లారీ దగ్గరికి వెళ్ళింది" అంటోంది.

వరద కథే. నాకు చిరాకేసింది. ఇంతమందిని కూర్చోబెట్టి ఈ కథా అనుకున్నా. అంతలోనే తట్టింది, ఆ కథలో వాళ్ళమ్మ ఉందని నాకు తెలియదు.

"'అయ్యా, విసరొద్దు, చేతికివ్వండి' అంది మా అమ్మ. 'మేం ముష్టికి రాలేదు, నీళ్ళొచ్చి వచ్చాం' అంది. లారీ మీద మనిషి కిందికి చూసి 'అంత పౌరుషం ఉంటే తినకు' అన్నాడు. అమ్మ వెనక్కి తిరిగి చూసింది, ఎవరన్నా ఒక్క మాట సాయం అంటారేమోనని. అందరూ పొట్లాలు ఏరుకుంటున్నారు. వాళ్ళని తప్పు పట్టనండి, పిల్లలు ఆకలితో ఉన్నారు. అమ్మ వచ్చి గోడకానుకుని కూర్చుంది. ఆ పూట తినలేదు."

లోపల ఎవరిదో ఫోన్ మోగితే గబుక్కున ఆపేశారు. ఆవిడ ఆగింది. ఇంట్లో అయితే ఆ ఆగిన సందులో నేనో మా అమ్మాయో దూరిపోయేవాళ్ళం. అక్కడ ఎవరూ దూరలేదు. ఆవిడ మళ్ళీ అందుకునేదాకా ఊరుకున్నారు.

"నేను తిన్నా" అంది ఆవిడ. "అమ్మ చూడకుండా బడి వెనక్కి వెళ్ళి, బురదలో పడ్డ పొట్లం విప్పి, మురికి మెతుకులు పక్కకి తీసి తినేశా. చెయ్యి కడుక్కుని వచ్చి అమ్మ పక్కన కూర్చున్నా. మూతికి పసుపు అంటుకుని ఉంది, నాకు తెలీదు. అమ్మ కొంగుతో తుడిచింది. ఏమీ అనలేదు. చనిపోయేదాకా అనలేదు."

ఎవరూ చప్పట్లు కొట్టలేదు. ఒక ముసలామె ముక్కు చీదుకుంది.

"ఆ రోజు అమ్మ పక్కన ఇంకో ఇద్దరు నిలబడి ఉంటే ఆయన లారీ దిగేవాడేమో. నాకు రాజకీయాలు తెలియవండి. మేం వైన్ షాపు ముందు కూర్చున్నప్పుడు మీరు ముక్కూమొహం తెలియకుండానే వచ్చి మా పక్కన కూర్చున్నారు. అందుకని వచ్చా. ఎవరన్నా నోరు తెరిచి అడుగుతుంటే పక్కన నిలబడదామని. ఇంకేం చెప్పడం రాదు నాకు."

నేను ఆ చెప్పుల మధ్య, చీర కవరు పట్టుకుని, అలాగే నిలబడిపోయా. ఏమీ ఆశించనివాణ్ణి చూపించమని షాపులో ఎన్నిసార్లు అన్నానో గుర్తొచ్చింది. ఆ మనిషి ఇన్నేళ్ళూ నాకు క్యారేజీ కట్టి పంపుతోంది. మా అత్తగారు మా ఇంట్లోనే ఎన్నో రోజులు ఉండి వెళ్ళారు. పులిహోర చేసిన రోజు ఆమె నాకు కొసరి కొసరి వడ్డించేవారు గానీ తను ముట్టుకునేవారు కాదు. పడదేమో అనుకున్నా. ఎందుకని అడగాలని కూడా తోచలేదు.

అందరూ బయటికొచ్చారు. మా ఆవిడ నన్ను చూసి ఆగిపోయింది.

"మీరెప్పుడొచ్చారు?"

"ఇప్పుడే" అన్నా. అదీ అబద్ధమే.

"ఆ కవరేంటి?"

"నీకే. పిన్ని ఇచ్చింది. జ్వరం తగ్గాక కట్టుకోమంది."

"ఎవరికి జ్వరం?"

ఆవిడ కవరు వంక, నా వంక చూసింది. అర్థమైంది. కోప్పడుతుందనుకున్నా, కోప్పడలేదు. పక్కనున్న ఆడవాళ్ళతో "మీరు పదండి, నేను ఈయనతో వస్తా" అని చెప్పి బండెక్కింది. ఎక్కాక అంది, "గృహప్రవేశం ఇంటికి పోనివ్వండి."

"ఇప్పుడెందుకు? అందరూ ఉన్నారక్కడ."

"చీర పెట్టారుగా. దణ్ణం పెట్టి వద్దాం."

"కండువా అన్నా తీసి సంచిలో పెట్టు" అన్నా. ఆవిడ దాన్ని భుజం మీద సర్దుకుని కూర్చుంది.

షామియానా కింద అందరూ మా వైపు తిరిగారు. పిన్ని లేచి వచ్చింది. "ఇదేంటమ్మాయ్, జ్వరమన్నాడు?"

"జ్వరం లేదత్తయ్యా. ఇక్కడే మీటింగుంటే వచ్చా. మీకు చెబితే ఏమనుకుంటారోనని ఈయన మొహమాటపడ్డారు" అంది. నన్ను దొంగని చెయ్యలేదు. 'మొహమాటం' అంది. ఆ మాట వెతికి తెచ్చి నామీద కప్పింది. నేను చెప్పిన జ్వరం కంటే అదే నన్ను ఎక్కువ సిగ్గుపడేలా చేసింది.

మా బావ, ఆ కొత్తింటి యజమాని, కుర్చీలోంచి నవ్వుతూ అడిగాడు. "ఏ పార్టీ చెల్లెమ్మా?"

చెప్పింది.

"అదా! గెలుస్తుందా అది?"

"గెలవదన్నయ్యగారూ" అంది మా ఆవిడ, ఉన్నది ఉన్నట్టుగా.

పిన్ని ఆవిడ చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్ళి విస్తరి వేసింది. ఆవిడ పొద్దుటి నుంచీ ఏమీ తినలేదని అప్పుడు తెలిసింది. లోపల్నుంచి పిన్ని "ఏం మీటింగే అది? ఆడవాళ్ళు కూడా మాట్లాడతారా?" అని అడగడం, ఈవిడ నెమ్మదిగా చెప్పడం వినపడుతూనే ఉంది. నేను బయట బండి పక్కనే నిలబడ్డా. కూర్చోమని ఎవరూ అనలేదు. అన్నా కూర్చునేవాణ్ణి కాదు.

హైవే మీద చిల్లకల్లు దాకా వచ్చాం. అక్కడ టీకి ఆగాం. అప్పుడు అన్నా, "మీ అమ్మ సంగతి నాకెప్పుడూ చెప్పలేదే."

"విన్నారా?" అంది. గ్లాసు పక్కన పెట్టింది. "చెప్పబోయా. ఒకసారి కరెంటొచ్చింది, మోటారెయ్యమన్నారు. ఒకసారి ఎవరో వచ్చారు. తర్వాత మీరూ అమ్మాయీ నవ్వడం మొదలెట్టారు. నవ్వుతున్న వాళ్ళకి అది ఎలా చెప్పను?"

నింద వేసే గొంతు కాదు అది. జరిగింది చెబుతోంది, అంతే. క్షమించమని అందామనుకున్నా. టీ కొట్టు దగ్గర లారీవాళ్ళు చాలామంది ఉన్నారని అనలేదు. ఇంటికెళ్ళాక అందామనుకున్నా. ఇంటికెళ్ళాక ఆవిడ గుడ్డలు మార్చుకుని పప్పు కడగడం మొదలెట్టింది. అప్పుడూ అనలేదు.

ఇప్పుడు మీటింగులకి నేనే బండి మీద దింపుతున్నా. షాపులో ఎవరన్నా అడిగితే ఆ పార్టీలో ఉందనే చెబుతున్నా. నేను ఏ పార్టీలోనూ చేరలేదు. నాది చేరే మొహం కాదనిపించింది. మనుషులు పార్టీల్లో ఎందుకు చేరతారన్న చర్చ వచ్చినప్పుడు వార్నిష్ డబ్బా వెతుక్కుంటూ లోపలికి వెళ్ళిపోతున్నా. వరద కథలో మిగతాది మా అమ్మాయికి ఇంకా చెప్పలేదు. అది నేను చెప్పాల్సింది కాదు. ఆవిడ చెబుతుందని ఎదురుచూస్తున్నా.

కానీ ఇంట్లో ఆవిడ మాట్లాడటం తగ్గింది. కోపం కాదు. అడిగినవన్నీ చెబుతుంది, నవ్వుతుంది, పార్టీ వాళ్ళతో ఫోన్లో గంటసేపు మాట్లాడుతుంది. మొన్నొక రోజు నేను అన్నం తింటుంటే ఏదో గుర్తొచ్చినట్టు "మా ఊళ్ళో ఒకావిడ ఉండేది" అంది. నేను వెంటనే ఫోన్ బోర్లించి, చెయ్యి కంచంలోనే ఉంచి, ఆవిడ మొహంలోకే చూస్తూ కూర్చున్నా.

"ఏంటండీ అలా చూస్తున్నారు?"

"చెప్పు, వింటున్నా."

"అలా చూస్తే ఎలా చెప్పను? ఏదో పరీక్షకి కూర్చున్నట్టుంది" అని నవ్వి, "ఏం లేదులెండి, మజ్జిగ పొయ్యనా?" అంది.