చీకటి బాబాయ్ నీలం

కుడికన్ను కట్టు విప్పిన రోజు ఆయన పడకగది గోడని చాలాసేపు చూసి, "దీనికి రంగెప్పుడు వేయించావు?" అని భార్యని అడిగాడు.

"ఎక్కడ వేయించానూ? ఆ గోడ మొదట్నించీ తెల్లగానే ఏడ్చింది. మీకే కనపడి చావలేదు" అందావిడ, బట్టలు మడతపెడుతూ.

ఆయన ఎడమకన్ను మూశాడు. గోడ తెల్లగా ఉంది. కుడికన్ను మూశాడు. టీ ఒలికినట్టు పసుప్పచ్చగా ఉంది. ఎడమకంట్లో శుక్లం ఇంకా తీయలేదు. వచ్చే నెల రమ్మన్నాడు డాక్టరు.

ఈ కళ్లతోనే గదా ఇన్నాళ్లూ సినిమాలు తీశాను అనుకున్నాడు.

ఆయన చిన్న సినిమాల కెమెరామన్. చిన్నవంటే అద్దెకి దొరికిన ఇల్లు, నలుగురు నటులు, ఒక దెయ్యం. లైట్లకి డబ్బుండదు గనక చీకటే ఎక్కువ. కిటికీకి దుప్పటి కట్టి, వంటింటి రేకు కాగితంతో వెలుగు మళ్లించి, మెట్లకింద ఏదో ఉందనిపించడం ఆయనకి కొట్టిన పిండి. యూనిట్లో అందరూ చీకటి బాబాయ్ అంటారు. పగటిపూట జరిగే ప్రేమకథ ఒక్కటైనా తీయాలని ఉండేది. ఎవరూ పిలవలేదు. కొన్నాళ్లకి ఆయనా అడగడం మానేశాడు.

చివరి రెండు సినిమాలకి మాత్రం పేరొచ్చింది. దెయ్యం కంటే దాని చుట్టూ ఉన్న నీలం వణికించిందని రాశారు. ఆ నీలం కోసమే ఇప్పుడొక డైరెక్టరమ్మాయి వెతుక్కుంటూ వచ్చింది. ఇది చేజారితే, ఈ వయసులో ఇంకొకటి రావడం కల్ల.

ల్యాప్‌టాప్‌లో పాత సినిమా పెట్టి కుడికంటితో చూశాడు. భోజనాల బల్ల దగ్గర నవ్వుకుంటున్న పిల్లలు కూడా నీలంగా ఉన్నారు. ఎడమకంటితో చూస్తే మామూలుగానే ఉన్నారు. అన్నీ పసుప్పచ్చగా కనిపిస్తుంటే, సరిచేస్తున్నాననుకుని నీలం పెంచుకుంటూ పోయాడన్నమాట.

భార్య వెనకనించి తొంగిచూసి, "వీళ్లంతా నూతిలోంచి తీసిన శవాల్లా ఉన్నారేవండీ" అంది.

"నీకు ముందే ఇలా కనిపించిందా?"

"కనిపించకేం? మీ కళ కాబోలనుకుని నోరు మూసుకున్నాను. ఆ అమ్మాయికి చెప్పేయండి. రేపు సెట్లో తనే కనిపెడితే ఇంకా తలవంపులు."

మర్నాడు షూటింగ్ ఇల్లు చూడ్డానికి వెళ్లినప్పుడు చెప్పాడు. "తల్లీ, ఆ నీలం నా గొప్పేం కాదు. కంట్లో పొర. కుడికంటికి మొన్న తీసేశారు."

డైరెక్టరమ్మాయి పకపకా నవ్వింది. ఆయన నవ్వట్లేదని చూసి ఆపింది. "ఇంకో కన్నుందిగా బాబాయ్? అది షూటింగయ్యాక చేయించుకోండి."

"మెట్లు సరిగ్గా ఆనడం లేదమ్మా."

"నేను పట్టుకుంటాగా."

"నువ్వు యాక్షన్ చెబుతావా, నన్ను పట్టుకుంటావా?"

ఆమె నాలిక కరుచుకుంది. "సరే, చేయించేసుకోండి. కానీ నీలం మాత్రం కావాలి బాబాయ్. ప్రొడ్యూసర్ ఒప్పుకుంది అది చూసే."

ఎడమకన్నూ బాగుపడింది. షూటింగ్ మొదటి పొద్దున కిటికీలోంచి ఎండ వచ్చి నటి చెంపమీద పడింది. ఆ రంగు ఆయన చూసి చాలా ఏళ్లయింది. కెమెరాలో రంగుకొక అంకె ఉంటుంది. ఎండలో 5,600 దగ్గర పెడితే చర్మం చర్మంలా వస్తుంది, తగ్గించేకొద్దీ నీలం. ఆ అంకెతో ఆ చెంపని ఒకసారి చూసుకుని, పాత సినిమాలో వాడింది పెట్టాడు.

3,200.