బూడిద అద్దుకున్న వేళ్లు

2023 వేసవి. హిందూపురంలో మా మేడ మీది గదిలో కూర్చుని సినిమాలకు తెలుగు సబ్‌టైటిల్స్ రాస్తున్న రోజులు. స్పానిష్ నాకు రాదు. సంభాషణలకు ఇంగ్లీషు అనువాదం, టైమింగ్‌తో సహా ఒక ఫైలుగా వస్తుంది. దాన్ని టెంప్లేట్ అంటాం. అది తప్పయితే మా తెలుగూ తప్పే. అవి తయారుచేసేవాళ్లను నేను తిట్టుకోని రోజు లేదు.

ఆ నెల బెంగళూరు నుంచి మా పనులు చూసే రేఖ మళ్లీ విడుదలవుతున్న నాలుగు పాత స్పానిష్ సినిమాలు పంపింది. రచయిత్రి పేరు పిలార్. వయసు ఎనభై దాటింది. స్టూడియోలో టైపిస్టుగా చేరి, ఏళ్ల తరబడి ఇతరుల పేర్ల మీద కథలు రాసిన మనిషి. మూడు సినిమాల టైటిల్స్‌లో ఆమె పేరుంది. నాలుగోదీ తనదేనని ఆమె మొత్తుకుంటోంది గానీ, తెర మీద ఉన్నది నిర్మాత పేరు.

"రుజువు లేదు మేడమ్. శుక్రవారం టైటిల్ కార్డ్ లాక్ చేసేస్తారు" అంది రేఖ. లాక్ అంటే ఇక మార్పులుండవు. ఆ వయసులో ఆమెకు మరో అవకాశం ఎక్కడిది?

మొదటి సినిమా పట్టు నేసేవాళ్ల కథ. మగ్గం మాటలు తెలియక, ల్యాప్‌టాప్ పట్టుకుని రైలెక్కాను. పెనుకొండ దాటేదాకా నిలబడే ప్రయాణం. ధర్మవరంలో లక్ష్మక్క ముప్పై ఏళ్లుగా వార్పులు అతుకుతోంది. అంటే మగ్గం మీద అయిపోవచ్చిన నిలువు పోగుల కొసలకు కొత్త పోగులను ఒక్కొక్కటిగా మెలిపెట్టి కలపడం. ఆమె చెప్పినవన్నీ రాసుకున్నాక, పనిలో పనిగా నాలుగో సినిమాలో నాకు కొరుకుడుపడని సీను కూడా చూపించాను. ఒక వంటమనిషి, తెగిన జపమాల దారాన్ని కలిపే ముందు పొయ్యిలో బూడిద వేళ్లకు అద్దుకుంటుంది. కూతురు ఏదో అంటుంది. టెంప్లేట్‌లో "నీ చేతులు మురికి" అని ఉంది. దారం కలపడానికి బూడిద ఎందుకో నాకు అర్థం కాలేదు.

లక్ష్మక్క చేతిలో పని ఆపేసింది.

"ఏం పాపా, ఈయమ్మ వంటమనిషా? ఎవురు చెప్పినారు?"

"కథలో అంతే అక్కా."

"కాదు పో! ఆ వేళ్లు చూడు. ముడి యాడేసింది? మెలి తిప్పింది. పట్టుపోగు జారకుండా మేం అద్దుకునేది ఈ బూడిదే గదా. ఇది రాసినోళ్లింట్లో వార్పులు అతికేటోళ్లు ఉండాల్ల!"

ఆమె వాకిట్లో నిలబడే రేఖకు ఫోన్ చేశాను. "ఏమీ చెప్పకుండా పిలార్‌ను ఒక్కటే అడిగించు. ఆ వంటామెకు బూడిద ఎందుకు?"

మర్నాడే జవాబు వచ్చింది. పిలార్ వాళ్లమ్మ పట్టు వార్పులు అతికేదట. ఆ బూడిద మీద నిర్మాతతో పెద్ద గొడవే జరిగిందట. అది గుర్తురాగానే పాత ఉత్తరాల పెట్టె తీయించిందట. అందులో నిర్మాత స్వయంగా రాసిన ఉత్తరం దొరికింది. "నువ్వు రాసిన బూడిద సీను నాకు అర్థం కాలేదు. తీసెయ్."

చదివి కేక పెట్టాను. శుక్రవారం టైటిల్ కార్డ్ మారింది. "రచన: పిలార్" అని తెలుగులో టైప్ చేసింది నేనే. ఆ సంతోషంలో రెండుసార్లు తప్పు కొట్టాను.

అర్థం కాని లైనును కుదించి పారేయడం మా వృత్తిలో మామూలే. తెర మీద చోటు లేదని ఒక సాకు ఎప్పుడూ సిద్ధంగా ఉంటుంది. ఆ మురికి చేతుల లైను కూడా తీసేద్దామనే అనుకున్నాను. తీసేసి ఉంటే, ఆ నిర్మాత అప్పట్లో చేయించలేకపోయిన పనిని ఇన్నేళ్లకు నా చేత్తో నేనే చేసిపెట్టేదాన్ని.