వేదాంత్ పేరు మీద అర్చన

గౌలిపుర గల్లీలోని వెంకటేశ్వరస్వామి గుడికి శ్రీపాద పూజారి. వయసు ముప్పై ఆరు. తాతా తండ్రీ చేసిన సేవే చేస్తున్నాడు. పెళ్లి సంబంధాలు వచ్చినట్టే వచ్చి, "పూజారా?" అన్న ఒక్క మాట దగ్గర వెనక్కి పోయేవి. అట్లా తొమ్మిది పోయాయి పాపం. ఒళ్లు మండి ఫోన్లో డేటింగ్ యాప్ పెట్టుకున్నాడు. అందులో అతని పేరు వేదాంత్, ఉద్యోగం సాఫ్ట్‌వేర్. ఫోటోలో పిలక కనపడకుండా టోపీ, పైన నల్లకళ్లద్దాలు.

ఎంత ఘనుడో చూడండి, ఇన్ని అబద్ధాలాడినవాడికి గోత్రం దగ్గర మాత్రం నోరు రాలేదు. సైదాబాద్ అమ్మాయి స్ఫూర్తి చాటింగ్‌లో అడిగితే భారద్వాజస అని నిజమే చెప్పాడు. అది మారిస్తే రేపు పీటల మీద పాపం చుట్టుకుంటుందని భయం. ప్రతి శనివారం గౌలిపుర గుడిలో ఉంటానని కూడా చెప్పాడు. అదీ నిజమే కదా మరి.

మూడు నెలల్లో ఆ పిల్ల మీద ప్రాణం పెట్టుకున్నాడు. ఆదివారం మొదటిసారి కలవాలనుకున్నారు. అప్పుడే అంతా ఒప్పేసుకుందామని గుండె రాయి చేసుకున్నాడు.

శుక్రవారం పొద్దున గుడిలో స్ఫూర్తి పూలపళ్లెంతో నిలబడి ఉంది. ఫోటోల్లో చూసిన ముఖమే, శ్రీపాద వెంటనే గుర్తుపట్టాడు. తనదేమో చొక్కా లేని ఒళ్లు, నుదుటి నిండా నామం, పిలక. ఆమె గుర్తుపట్టలేదు.

"ఎవరి పేరు మీదమ్మా?" అన్నాడు తలెత్తకుండా.

"ఇద్దరి మీద, పంతులుగారు. కాశ్యపస గోత్రం, స్ఫూర్తి. భారద్వాజస గోత్రం, వేదాంత్. ఆయన శనివారం శనివారం ఈ గుడికే వస్తడట. ఎల్లుండి కలుస్తున్నం. మంచిగ కుదరాలె."

సంకల్పం మొదలుపెట్టాడు. ఆమె పేరు చదివాడు. తన గోత్రం చదివాడు. ఇక వేదాంత్ అనాలి. ఇరవై ఏళ్లుగా ఎన్నడూ తడబడని నోరు అక్కడ ఆగిపోయింది. ఎదురుగా దేవుణ్ణి పెట్టుకుని ఆ పేరు ఎట్లా పలుకుతాడు?

"వేదాంత్ అనేటోడు లేడమ్మా," అన్నాడు. "భారద్వాజస గోత్రం, శ్రీపాద. యాప్‌ల ఉన్నది నేనే."

స్ఫూర్తి తలెత్తి చూసింది. నామం వెనక తనకు తెలిసిన ముఖం కోసం వెతికింది. దొరికినట్టుంది, కళ్లలో నీళ్లు తిరిగాయి.

"పూజారి అంటే కాదంటవని భయపడ్డ," అన్నాడు శ్రీపాద.

"నన్ను అడిగినవా?" అంది స్ఫూర్తి. "మూడు నెలలు పొద్దున లేస్తే నీకే కదా మెసేజ్ పెట్టిన. ఒక్కసారన్న అడిగినవా?"

శ్రీపాద సిగ్గుతో చచ్చిపోయాడు. ఆమె కళ్లు తుడుచుకుంది. వెళ్లిపోతుందనుకున్నాడు. వెళ్లలేదు.

"అర్చన కానియ్యండి, పంతులుగారు," అంది. "నా ఒక్కదాని పేరు మీద."