భుజం దెబ్బ

ఝరాసంగం నుంచి జహీరాబాద్‌లోని బట్టల దుకాణానికి వెళ్లే ఎస్తేరు, షేర్ ఆటో ఎక్కగానే ఫోన్‌లో బరిలో కొట్లాడే ఆట తెరుస్తుంది. అందులో భుజం దెబ్బ నేర్చుకోవడానికి రెండు నెలలు పట్టింది. ఎదుటివాడు మీదికొచ్చేదాకా కదలకూడదు. ఒంటికి తగిలిన క్షణంలోనే భుజం విసరాలి. ఇప్పుడామె దెబ్బకు ఆగేవాడు లేడు. ఆటలో ఓడిన, ముఖం తెలియని కుర్రాళ్లు ‘అన్నా, జర ఇడ్సిపెట్టు’ అని రాస్తే పెదవి చివర నవ్వుకుంటుంది. ఇవాళ పక్కనున్న పెద్దమనిషి గుంత వచ్చినప్పుడల్లా ఆమె మీదికి ఒరిగాడు. గుంతలు అయిపోయాక కూడా ఒరిగే ఉన్నాడు. ఆ క్షణం ఎస్తేరుకు బాగా తెలుసు. భుజం బిగిసింది కూడా. అంతలో డ్రైవర్ అద్దంలో చూసి, “జర జరుగమ్మా, ఇంకొకరు ఎక్కుతరు” అన్నాడు. ఎస్తేరు ఇనుప కమ్మీ దాకా జరిగింది. పెద్దమనిషీ జరిగాడు.