దొరకనివాటి పుస్తకం

నాంపల్లి స్టేషన్ నుంచి ఆబిడ్స్ వైపు నడిచి వస్తుంటే ఒక సందులో మా లైబ్రరీ. ముప్పై రెండేళ్ళుగా అక్కడే నా ఉద్యోగం. ఇంకో ఏడు నెలల్లో రిటైరవుతాను. నా నోరు మంచిది కాదని అక్కడ పేరు. ఆ పేరు నేను కష్టపడి సంపాదించుకున్నదే.

చేరిన రోజున మా సారు, అంటే అప్పటి లైబ్రేరియన్, నా ముందు పాత వారపత్రికల బైండు ఒకటి, కట్టెడు కార్డులు పెట్టారు. ఒక్కో పేజీ తిప్పి, అందులో ఏముందో కార్డు మీద రాసి, అక్షర క్రమంలో చెక్క సొరుగులో పెట్టాలి. కార్డులు చెదిరిపోకుండా సొరుగు మధ్యలో ఇనుప ఊచ ఉండేది. ఎవరు ఏం అడిగినా ఆ కార్డులే దారి చూపాలి. నేను మొదటి కార్డు మీద గొప్పగా "వస్త్ర పరిశ్రమ" అని రాశాను. సారు కళ్ళజోడు పైకి నెట్టుకుని చూశారు.

"ఇదేంది?"

"నేతపని వాళ్ళ గురించిన వ్యాసమండీ."

"గట్లైతే నేతపని అనే రాయి. అడగనీకె వచ్చెటోడు ఏమని అడుగుతడో గది రాయాలె. నీకెంత తెలుసో ఎవనికి కావాలె?"

ఒళ్ళు మండిపోయింది. మా తాతగారు వాళ్ళు రాష్ట్రం ఏర్పడిన కొత్తలో కృష్ణా జిల్లా నుంచి ఇక్కడికి వచ్చారు. నేను పుట్టింది కాచిగూడలోనే అయినా, "అండీ" లేకుండా మా ఇంట్లో మాటుండదు. అందుకని సారు నాకు "అండీగారు" అని పేరు పెట్టేశారు. వారం రోజులు ఏడ్చాను. ఆ తర్వాత ఆ మనిషి మీద నాకెంత ప్రేమ పుట్టిందో చెప్పలేను.

సారు బల్ల సొరుగులో పొడుగాటి నోటుపుస్తకం ఒకటి ఉండేది. అట్ట మీద "దొరకనివి" అని రాసి ఉండేది. ఎవరైనా అడిగింది దొరక్కపోతే, అదేమిటో, వాళ్ళెక్కడుంటారో అందులో రాసుకునేవారు. ఎప్పుడో ఒకనాడు ఇంకేదో వెతుకుతుంటే అది కనబడేది. వెంటనే ఒక పోస్టుకార్డు: "మీరడిగింది దొరికింది, రండి." ఒకాయనకైతే పదకొండేళ్ళ తర్వాత వెళ్ళింది. ఎందుకడిగాడో ఆయనకే గుర్తులేదు. అయినా వచ్చి, ఓపిగ్గా చదువుకుని, అందరికీ టీ తెప్పించి మరీ వెళ్ళాడు. దొరికాక పుస్తకంలో ఆ వరసని అడిగినవాళ్ళే తమ చేత్తో కొట్టేయాలి. మేం కొట్టేయడానికి వీల్లేదు. అది సారు పెట్టిన నియమం.

రిటైరయిన రోజు ఆ పుస్తకం నా చేతిలో పెట్టి, "జర జూస్కో, అండీగారూ" అన్నారు.

అందులో నేను రాసిన మొదటి వరస కోఠిలో జాకెట్లు కుట్టే ఒకామెది. వానలో తడుస్తూ వచ్చింది. మెడలో కొలతల టేపు తీయడం కూడా మర్చిపోయింది.

"మా అమ్మ ఫొటో మీ పుస్తకాలల్ల ఉన్నదంట మేడమ్."

ఆమెకి రెండేళ్ళప్పుడు తల్లి జ్వరంతో పోయింది. ఇంట్లో ఒక్క ఫొటో లేదు. వాళ్ళ చిన్నమ్మ చెప్పిన కథ ఒక్కటే మిగిలింది. తల్లి ఒకసారి ఆబిడ్స్‌లో అల్యూమినియం బేసిన్ కొనుక్కుని పిల్లనెత్తుకుని వస్తుంటే వాన పట్టుకుందిట. బేసిన్ నెత్తి మీద బోర్లించుకుని నడిచిందిట. ఎవరో ఫొటో తీశారు, అది ఏదో వారపత్రికలో పడింది. పక్కింటివాళ్ళు తెచ్చి చూపించారు. ఏ పత్రికో, ఏ ఏడో ఎవరికీ తెలీదు.

"దాన్తోని ఏం జేయనీకె గాదు మేడమ్. ఒక్కసారి సూడాలె, అంతే. అద్దంల నా మొకం సూస్కుంటె, ఇండ్ల అమ్మది ఏదో, నాయిన్ది ఏదో నాకు తెల్వదు."

పుస్తకంలో రాసుకున్నాను: "వానలో తల మీద బేసిన్ పట్టుకున్న ఆమె. ఆబిడ్స్. ఫొటో."

ప్రతి ఏడూ తొలి వానలకి వచ్చేది. "దొరికిందా మేడమ్?" అనేది. లేదంటే, "ఫికర్ జేయకున్రి, దొర్కుతది" అని నన్నే ఓదార్చి వెళ్ళేది. నేను ఖాళీ దొరికినప్పుడల్లా బైండ్లు తిప్పాను. కళ్ళు కాయలు కాచాయి. గొడుగులవాళ్ళు కనిపించారు, గోనెసంచి కప్పుకున్నవాళ్ళు కనిపించారు, రిక్షా కింద దూరినవాళ్ళు కూడా కనిపించారు. తల మీద బేసిన్ మాత్రం ఒక్కరికీ లేదు.

ఈలోగా లైబ్రరీకి కంప్యూటర్ వచ్చింది. కార్డుల మీద ఉన్నదంతా అందులోకి ఎక్కించాం. మేం రెండు రోజులు వెతికేది అది కన్ను మూసి తెరిచేలోగా చూపిస్తుంది. కాదనను, నాకూ ముచ్చటే. అయితే "బేసిన్" అని కొడితే మాత్రం "ఫలితాలు లేవు" అంది. లేవు అంటే లేవు, అక్కడితో సరి! ఎవరడిగారు, ఎందుకడిగారు, రేపు దొరికితే ఎవరికి చెప్పాలి, ఇవేవీ దానికి పట్టవు. నా నోరు ఊరుకోదుగా, ఆ తెర మీదే నాలుగు అక్షింతలు వేశాను.

పోయిన ఏడు స్కానింగ్ మొదలైంది. ప్రతి పేజీనీ యంత్రం ఫొటో తీసి, అచ్చులో ఉన్న ప్రతి మాటనీ తనే చదివి దాచుకుంటుంది. ఇక కార్డులెందుకు, రిజిస్టర్లెందుకు, నెలాఖరుకల్లా అన్నీ తీసేయమని పైనుంచి కాగితం వచ్చింది. దొరకనివాటి పుస్తకాన్ని మాత్రం నా హ్యాండ్‌బ్యాగులో దాచేశాను. నేను కూడా వెళ్ళిపోతే ఆ బేసిన్ అమ్మ కోసం వెతికేవాళ్ళుండరు. రెండేళ్ళుగా కూతురు కూడా రాలేదు. ఏమైందోనని భయం వేసేది.

స్కానింగ్ చేసేది మెదక్ అమ్మాయి, ఇద్దరు పిల్లల తల్లి. పనిలో గట్టిది. యంత్రం అక్షరాలైతే చదువుతుంది గానీ, బొమ్మలో ఏముందో మేం చెప్పాలి, ఆ అమ్మాయి టైపు చేయాలి. ఒకరోజు పిలిచింది.

"మేడమ్, గీ ఫొటోకు ఏం కొట్టాలె? కింద 'తొలకరి' అని తప్ప ఏం లేదు."

నేను ఉన్నచోటి నుంచే చెప్పాను. "వాన, హైదరాబాదు అని కొట్టు."

"గంతేనా? ఎవరన్న అడిగితె ఎట్ల దొర్కుతది మేడమ్? ఇండ్ల ఏమున్నదో జెప్పున్రి."

అచ్చం మా సారే! విసుక్కుంటూ లేచి వెళ్ళాను. "సరే తల్లీ, కొట్టుకో. వాన. ఆబిడ్స్ రోడ్డు. ఒకామె. చంకలో పిల్ల. రెండో చేత్తో పిల్ల తల మీద..."

తెర మీదికి వంగిపోయాను.

బేసిన్ తల్లి తల మీద లేదు. చంకలో పిల్ల నెత్తికి గొడుగులాగా పట్టుకుని ఉంది. తల్లి నిలువునా తడిసి, జుట్టంతా బుగ్గలకి అంటుకుపోయి, నవ్వుతోంది.

పరుగున వెళ్ళి, ఇంకా తీసేయని కార్డుల సొరుగు లాగాను. "వాన. హైదరాబాదు. ఫొటో." నా దస్తూరీయే. చేరిన రెండో ఏడు రాసిన కార్డు. ఆ తర్వాత ఈమె కోసం వెతుకుతూ కనీసం రెండుసార్లు ఆ పేజీ తిప్పి ఉంటాను. తల మీద బేసిన్ ఎవరికుందా అని తల్లుల తలలే చూశాను! సిగ్గుతో చచ్చిపోయాను. సారు ఉండుంటే తిట్టేవారు. తిట్టినా బాగుండేది.

పుస్తకంలో ఉన్న ల్యాండ్‌లైన్ నంబరు పనిచేయలేదు. ఫొటోని కాగితమంత పెద్దది చేయించి, పుస్తకం కూడా పట్టుకుని, ఆటోలో కోఠి వెళ్ళాను. గాజుల దుకాణం పక్కన మెట్లు. దేవుడా, ఉండాలి, మనిషి ఉండాలి అనుకుంటూ ఎక్కాను.

ఉంది. మిషను ముందు కూర్చుని ఉంది. జుట్టంతా తెల్లబడింది.

"అయ్యో మేడమ్! మోకాళ్ళు మేడమ్, గీ మెట్లే దిగుతలేను. గందుకే రాలె" అని, నా చేతిలో కవరు చూసి ఆగిపోయింది. చెయ్యి చీరకి తుడుచుకుంది.

ఫొటో తీసి కళ్ళకి దగ్గరగా పెట్టుకుంది. పాత అచ్చు, పెద్దది చేస్తే అన్నీ నల్లచుక్కలే. "ఏం కనవడ్తలేదు మేడమ్" అంది. ఆ గొంతు విని నా ప్రాణం ఉసూరుమంది.

"దూరంగా పట్టుకో అక్కా. చెయ్యి చాపి చూడు."

చెయ్యి చాపింది. చాలాసేపు చూసింది. రెండో చెయ్యి ఎత్తి తన గడ్డం తడుముకుంది, తర్వాత పెదాలు.

"ఇది అమ్మదే" అంది. "నవ్వు అమ్మదే." చంకలోని పిల్ల మీద వేలు పెట్టి, "బేసిన్ నెత్తి మీద పెట్టుకోలే మేడమ్. నా మీద పట్టింది" అని భోరుమంది. నేనూ ఏడ్చాను. దాచుకోవడానికేముంది.

ఇద్దరం తేరుకున్నాక పుస్తకం తెరిచి, ఆ వరస చూపించి, పెన్నిచ్చాను. "నువ్వే కొట్టేయాలక్కా, అది మా సారు నియమం" అన్నాను. ఆమె వేలు పెట్టి మెల్లగా కూడబలుక్కుని చదివింది. కొట్టేయలేదు. "గిది తప్పు రాసిన్రు" అని, "తల మీద" అన్న మాటకి ముందు, పైన సందులో, వంకర అక్షరాలతో "బిడ్డ" అని రాసి పుస్తకం నాకిచ్చేసింది.

మర్నాడు మెదక్ అమ్మాయి చేత కంప్యూటర్లో కూడా అలాగే కొట్టించాను.