అధ్యక్షుడు లేని సభ

ఇది వాక్ స్వాతంత్ర్యం కోసం మా ఇంటివాళ్లు చేసిన మహా పోరాటం. ఇందులో కారాగారం ఉంది, కన్నీళ్లున్నాయి, బందూకు కూడా ఉంది. కావ్యానికి కావలసిన సరంజామా అంతా సిద్ధం. కాకపోతే కారాగారంలో గడిచింది ఒక్క పూట, కన్నీళ్లు నా వల్ల వచ్చినవి, బందూకు ఠాణా గోడకు వేలాడుతూ ఉంది. కాబట్టి రెండు పేజీలు చాలు.

అప్పట్లో మా నైజాం ఇలాకాలో సభ పెట్టాలంటే ముందుగా సర్కారు ఇజాజత్ ఉండాలి. అడిగితే అనుమతి ఇవ్వరు, ఇవ్వం పొమ్మని కూడా చెప్పరు. మా అన్న ఉపాయం ఆలోచించాడు. నాగర్‌కర్నూల్ ఎడ్ల అంగడికి జనం ఎలాగూ వస్తారు, మనం పోగుచేసే పని లేదు, మాట్లాడితే చాలు. విషయం వెట్టి. అధికారి ఊరికి వచ్చినప్పుడల్లా కూలి ఇవ్వకుండా మా ఎడ్లనూ బండినీ తోలుకుపోవడం.

అయితే అధ్యక్షుడు కావాలి. పదిమంది చేరితే ఒకరిని ఎన్నుకుని, దండ వేశాకే మనవాళ్లు నోరు విప్పుతారు. ఒకరు రాకపోయినా ఇంకొకరు ఉంటారని అన్న ఇద్దరిని పిలిచాడు. ఒకరు వనపర్తిలో బడి చెప్పి మానుకున్న పంతులుగారు, ఇంకొకరు గద్వాల చీరల వ్యాపారి. ఇద్దరూ వచ్చారు. చిక్కంతా అక్కడే.

"మీరుండంగ నేను కూసుంటనా? మీరే కావాలె," అన్నారు పంతులుగారు.

"అయ్యో, సదువు చెప్పినోళ్లు మీరు. నేను చీరెలమ్ముకునేటోన్ని."

"గట్లనకుండ్రి."

"మీరే గట్లనకుండ్రి."

బంతిపూల దండ ఆ చేతికీ ఈ చేతికీ మారుతూ వాడిపోయింది. జనం పలచబడుతున్నారు. ఓపిక నశించి అన్న మా బండెక్కి మొదలుపెట్టాడు. బాగానే మాట్లాడాడు, ఆ మాట ఒప్పుకోవాలి. "ఎడ్లు మనయి, బండి మనది. కూలియ్యకుంటె కట్టొద్దు!" అనగానే చప్పట్లు మోగాయి. ఆ చప్పట్లు విని పోలీసు ఠాణా అమీను జవాన్లతో వచ్చాడు. అన్ననూ, ఇంకా ఒకరినొకరు గౌరవించుకుంటున్న ఆ పెద్దలనూ నడిపించుకుపోయాడు.

బండిలో మాతో అంగడికి వచ్చిన వదినా నేనూ ఠాణా అరుగు మీద కూర్చున్నాం. మొన్ననే వాన పడింది, జొన్న విత్తాలి. ఇంట్లో నాగలి పట్టడం వచ్చినవాడు అన్న ఒక్కడే.

"మీ అన్నను లోపలేస్తె సేను ఎవరు దున్నుతరు?" అంది వదిన.

"నేను లేనా వదినా?"

ఆమె నన్ను తలనుంచి కాళ్లదాకా చూసింది. అప్పటిదాకా ఆపుకున్న ఏడుపు అప్పుడు కట్ట తెంచుకుంది.

లోపల అమీను కేసు రాయడానికి కూర్చున్నాడు. కిటికీలోంచి అంతా వినిపిస్తోంది.

"జల్సాకు సదర్ ఎవరు? మీ సభకు అధ్యక్షుడు, అధ్యక్షుడు!"

"వారు కావాలని నేను, నేను కావాలని వారు..." అన్నారు పంతులుగారు.

"అయినవా, కాలేదా?"

"కాలేదు. వారుండంగ నేనెట్లయిత?"

అమీను వ్యాపారి వైపు తిరిగాడు. "నువ్వు?"

"పంతులుగారుండంగనా సాబ్!"

కలం కింద పెట్టిన చప్పుడు బయటికి వినిపించింది. "ఠాణాల గూడ మర్యాదలేనా? సదర్ లేకుంట జల్సా ఎట్లయితది? నేను గిట్ల రాస్తె మా పెద్దసాబ్ నన్ను పిచ్చోడంటడు."

వదిన ఏడుపు ఆపింది. గండం గడుస్తున్నట్టే ఉంది. సరిగ్గా అప్పుడే మా వీరుడు లేచాడు.

"జల్సానే సాబ్! నేనే మాట్లాడిన. వెట్టి గురించి మాట్లాడిన!"

"ఈయన నోట్ల మన్నువడ," అంది వదిన పళ్లు కొరుకుతూ.

"చుప్!" అన్నాడు అమీను. "ఎడ్ల అంగడిల ఎడ్ల గురించి మాట్లాడినవ్. అక్కడ ఎవరైన గదే మాట్లాడుతరు. పరేషాన్ చెయ్యకు. ఇంకోసారి ఇజాజత్ తీస్కోని మాట్లాడు. జావ్!"

ముందు అన్న బయటికి వచ్చాడు. పెద్దలిద్దరూ "మీరు నడువుండ్రి" అంటే "మీరు నడువుండ్రి" అంటూ గడప దగ్గర ఆగిపోతే, జవాను ఇద్దరినీ కలిపి నెట్టాడు. వదిన మూట విప్పి అన్న చేతిలో రొట్టె పెట్టింది. నేను నా అరచేతులు చూసుకున్నాను. మెత్తగా, క్షేమంగా ఉన్నాయి. నాగలి గండం తప్పిందని అంత సంతోషించినవాడు ఆ తాలూకాలో ఇంకొకడు ఉండడు.

జైలు తప్పిందని మొహం మాడ్చుకున్నది అన్న ఒక్కడే. రొట్టె తినడం అయ్యాక లేచి, "ఇగ సాటుమాటుగ కాదు," అన్నాడు. "ఇజాజత్ అడుగుత. ఇయ్యకుంటె ఎందుకియ్యరో గూడ అడుగుత. మాట్లాడుడు నా హక్కు."

చీకటి పడడంతో ఊళ్లోనే ఆగాం. తెల్లవారగానే దరఖాస్తు పట్టుకుని, ఇస్త్రీ లేని చొక్కాను అరచేత్తో సాపు చేసుకుంటూ, అన్న తహసీలు కచేరీ ముందు నిలబడ్డాడు. వెనక మేం నిలబడ్డాం.

తలుపుకు తాళం ఉంది. ఆ రోజు శుక్రవారం. నైజాంలో శుక్రవారం కచేరీలకు సెలవు.